ఒక్క దెబ్బ తేడా

గోల్ఫు ఆటను గురించి నేను వ్రాయబూనడం చూసి మిత్రులు నవ్వుకొంటారని తెలుసు. యతిప్రాసల గొడవలూ, పాత బడి ముచ్చట్లూ తప్ప ఈ గూటిలో ఇంతవరకు మరొకటి కనబడలేదు. చిన్ననాడు మా ఊరి చెరువుగట్టున నేను ఆడినది బిళ్ళంగోడు. గోల్ఫు కర్రను ఈ జన్మలో చేతితో తాకలేదు. అయినా ఈ టపాకు కారణం ఒక ఇంటిపేరు.

2023 సెప్టెంబరులో ఒకనాటి ఉదయం ఆంగ్ల పత్రిక క్రీడల పుటలో, అమెరికాలోని కాలిఫోర్నియా రాష్ట్రంలో నాపా అనే చోట జరిగిన పోటీలో గెలిచిన యువకుడి పేరు చూశాను. ఆంగ్లాక్షరాలను కూడబలుక్కొని చదివితే అది ‘సాహిత్ తీగల’. తల్లిదండ్రుల మూలాలు హైదరాబాదులో. ‘తీగ’ అన్న అచ్చతెనుగు మాట అంత దూరాన పచ్చిక మీద ప్రాకడం చూసి ముచ్చట వేసింది. అయితే ముప్ఫయ్యేళ్ళకు పైగా పరీక్షలు పెట్టి, జవాబు పత్రాలు దిద్దిన బుద్ధి అక్కడితో ఊరుకోదు కదా! అన్నిటికంటె పెద్దదైన ఆ పోటీల వరుసలోనికి ఈ అబ్బాయిని ఎవరు రానిచ్చారు? దానికి పరీక్ష ఏమిటి? ఎన్నిటికి గట్టెక్కినట్లు? తప్పినవాడి గతి ఏమిటి? ఈ ప్రశ్నలు పట్టుకొని చదువుతూ పోగా తెలిసిన చరిత్రను ఇక్కడ పెడుతున్నాను.

ముందు ఆట సంగతి రెండు ముక్కలలో. పద్దెనిమిది గుంటలున్న విశాలమైన పచ్చిక మైదానం. బంతిని కర్రతో కొట్టి ఒక్కొక్క గుంటలో వేయాలి. ఎన్ని దెబ్బలకు వేశాడన్నదే లెక్క. తక్కువ దెబ్బలవాడు గెలిచినవాడు. పద్దెనిమిది గుంటలు ఒక ఆవృత్తి. ఆరితేరినవాడు దాన్ని సుమారు డెబ్బై దెబ్బలలో ముగిస్తాడు. పెద్ద పోటీలు సాధారణంగా నాలుగు రోజులు, నాలుగు ఆవృత్తులు. అమెరికాలో ఈ పోటీలను ఏడాది పొడుగునా ఊరూరా నడిపే వ్యవస్థ పేరు పి.జి.ఎ. టూర్. అందులో ఆడే హక్కును వాళ్ళు ‘కార్డు’ అంటారు. ఆ కార్డు ఉంటే జీవిక ఉంది. లేకుంటే ఎంతటి నేర్పరి అయినా గేటు బయటి మనిషే.

ఈ కార్డు కథ పరీక్షతో మొదలు కాలేదు. పరీక్షకు కూర్చోనీయకపోవడంతో మొదలైంది.

అమెరికా వృత్తి గోల్ఫు సంఘం నిబంధనలలో 1934 నుంచి 1961 వరకు ఒక వాక్యం ఉండేది. సభ్యత్వం తెల్లజాతివారికే అన్నది దాని సారాంశం. బిల్ స్పిల్లర్ అనే నల్లజాతి క్రీడాకారుడు ఉండేవాడు. టెక్సస్‌లోని వైలీ కళాశాల పట్టభద్రుడు. చదువుకు తగిన కొలువు దొరకక లాస్ ఏంజిలిస్ రైలు స్టేషనులో సామాను మోసేవాడు. ముప్ఫయ్యో ఏటి దరిదాపులలో గోల్ఫు కర్ర పట్టి, కొద్ది సంవత్సరాలలోనే నిగ్గు తేలాడు. 1948 జనవరిలో లాస్ ఏంజిలిస్ ఓపెన్ పోటీ మొదటి రోజున 68 దెబ్బలు కొట్టి, ఆ కాలపు మహామల్లుడు బెన్ హోగన్‌తో సమంగా నిలిచాడు. ఆ పోటీలో మొదటి అరవై మందిలో నిలిచినవారికి మరుసటి పోటీలో నేరుగా ప్రవేశం అన్నది నియమం. స్పిల్లర్, అతని తోడి క్రీడాకారుడు టెడ్ రోడ్స్ ఇద్దరూ ఆ అరవై మందిలో నిలిచారు. కాలిఫోర్నియాలోనే రిచ్‌మండ్ అనే ఊళ్ళో జరిగే తరువాతి పోటీకి వెళ్ళి, సాధన ఆట కూడా ఆడారు. అప్పుడు నిర్వాహకులు వచ్చి, మీరు సంఘ సభ్యులు కారు కాబట్టి ఆడరాదని చెప్పారు. సభ్యులు కావాలంటే తెల్లవారై ఉండాలి. వారితోపాటు అడ్డుకోబడిన మరొకరితో కలిసి న్యాయస్థానానికి వెళ్ళారు. ఇకమీదట వివక్ష చూపబోమని సంఘం మాట ఇచ్చి రాజీ కుదుర్చుకొంది. ఆ తరువాత ‘ఓపెన్’ పోటీల పేర్లకు ‘ఇన్విటేషనల్’ అన్న మాట తగిలించారు. అంటే పిలిచినవారే రావాలి. తలుపు తెరుస్తామన్న మాట పోలేదు, తెరిచినదీ లేదు! శబ్దశాస్త్రం చదివినవాణ్ణి కనుక, ఒక్క విశేషణం మార్చి మనిషి బ్రదుకును ఆపివేయవచ్చునన్న ఈ సంగతి నన్ను చాలా సేపు కదలనీయలేదు.

స్పిల్లర్ ఊరుకోలేదు. ఆడే ఆశ సన్నగిల్లిన వయసులో కూడా కనబడిన ప్రతివారికీ ఈ అన్యాయం చెప్పుకొంటూ వచ్చాడు. చివరకు విషయం కాలిఫోర్నియా రాష్ట్ర అటార్నీ జనరల్ స్టాన్లీ మాస్క్ వరకు వెళ్ళింది. వివక్ష చూపే సంఘానికి మా రాష్ట్రపు ప్రజల మైదానాలలో చోటు లేదని ఆయన తేల్చి చెప్పాడు. 1962లో లాస్ ఏంజిలిస్‌లో జరగవలసిన సంఘపు ముఖ్య పోటీ ఫిలడెల్ఫియా ప్రాంతానికి తరలిపోయింది. 1961 నవంబరులో ఆ వాక్యాన్ని నిబంధనల నుంచి తొలగించారు. చార్లీ సిఫర్డ్ అనే క్రీడాకారుడు ఆ తెరిచిన తలుపు గుండా వెళ్ళి 1967లో హార్ట్‌ఫర్డ్‌లోను, 1969లో లాస్ ఏంజిలిస్‌లోను గెలిచాడు. హార్ట్‌ఫర్డ్‌లో గెలిచేనాటికి ఆయనకు నలభై అయిదేళ్ళు. స్పిల్లర్ అప్పటికే యాభై దాటినవాడు.

ఇక పరీక్ష సంగతి. 1960ల నడుమకు వచ్చేసరికి ఆడదలచినవారు పెరిగిపోయారు, చోటు చాలలేదు. అందుకని 1965లో ఫ్లోరిడా రాష్ట్రంలోని పామ్ బీచ్ గార్డెన్స్ అనే చోట మొదటి అర్హత పరీక్ష పెట్టారు. వచ్చినవారు 49 మంది. ఎనిమిది ఆవృత్తులు, అనగా 144 గుంటలు. కార్డులు దక్కినవారు 17 మంది. ప్రథముడు జాన్ ష్లీ. దీనికి వాళ్ళు పెట్టిన పేరు చూస్తే నాబోటి పంతులుకు ప్రాణం లేచి వస్తుంది. అర్హత బడి! ఆంగ్లంలో ‘క్యూ-స్కూల్’ అని పొట్టిగా పిలుస్తారు. తొలి రోజులలో ఆటతోపాటు నియమాలు, నడవడి మొదలైన విషయాల మీద పాఠాలు కూడా చెప్పేవారు కనుక ఆ పేరు వచ్చింది. పాఠాలు పోయినా పేరు మిగిలింది. మన దగ్గరా అంతే కదా, చదువు పోయినా పరీక్ష నిలిచే ఉంటుంది!

చిత్రమేమంటే, ఆ బడిలో గట్టెక్కినా ఆడే హక్కు పూర్తిగా వచ్చినట్లు కాదు. ప్రతి పోటీకి ముందు సోమవారం నాడు మరొక పరీక్ష. ముందటి ఏడాది సంపాదనలో మొదటి అరవై మందిలో ఉన్నవారు, పోటీలు గెలిచినవారు వంటి కొందరికే దాని నుంచి మినహాయింపు. తక్కినవారంతా కారులో బట్టలు వేసుకొని ఊరూరూ తిరిగి, సోమవారం గెలిస్తే గురువారం ఆడడం, ఓడితే తరువాతి ఊరికి ప్రయాణం. వీరిని ‘కుందేళ్ళు’ అనేవారు, గెంతుతూ పోతారు కాబట్టి. ఒకప్పుడు చిన్న ఉద్యోగాల కోసం చంకన సర్టిఫికెట్ల సంచితో జిల్లా కేంద్రాల మధ్య తిరిగిన మా తరంవారికి ఆ కుందేళ్ళ ఆయాసం వేరుగా వివరించి చెప్పనక్కరలేదు.

1968లో పర్యటించే క్రీడాకారులు, క్లబ్బులలో ఆట నేర్పే ఉద్యోగుల సంఘం నుంచి విడిపోయి, తమ వ్యవహారం తామే చూసుకోసాగారు. 1983లో పద్ధతి మారింది. సంపాదనలో మొదటి 125 మందికి మరుసటి ఏడాదంతా నేరుగా ప్రవేశం. బడిలో గట్టెక్కినవారికి ఆ తరువాతి వరుసలో చోటు. సోమవారపు పరీక్ష నాలుగైదు స్థానాలకు కుదించుకుపోయింది. అర్హత బడి విలువ ఒక్కసారిగా పెరిగింది. అక్కడ దొరికిన కార్డు ఇప్పుడు ఏడాది గ్రాసం.

ఆ బడి చరిత్రలో అన్ని రకాల విద్యార్థులూ ఉన్నారు. బెన్ క్రెన్‌షా 1973లో రెండవవాడికంటె 12 దెబ్బలు తక్కువగా కొట్టి ప్రథముడై, సభ్యుడిగా ఆడిన మొట్టమొదటి పోటీనే గెలిచాడు. ఏకసంథాగ్రాహి అన్నమాట. మాక్ ఓ గ్రేడీ అనే ఆయన పదహారు సార్లు తప్పి, 1982లో పదిహేడవసారి గట్టెక్కాడు. 1986లో పెద్ద పోటీ గెలిచాడు. పదహారవసారి తప్పిన నాడు ఆయనను ఇంటివారు, ఇరుగుపొరుగువారు ఏమని ఉంటారో ఊహించుకోండి. మా ఊళ్ళో అయితే దండయాత్రల గజనీ మహమ్మదు పేరు పెట్టి ఊరుకొనేవారు.

కొన్నేళ్ళ తరువాత తుది పరీక్ష ఆరు రోజులు, ఆరు ఆవృత్తులుగా స్థిరపడింది. మొత్తం 108 గుంటలు. మనకు అష్టోత్తరం! అంతకు ముందు దాటవలసిన మెట్లు వేరే ఉన్నాయి. ఈ నూట ఎనిమిది గుంటలకు కొట్టే దెబ్బలు ఇంచుమించు 430. అందులో ఒక్కటి ఎక్కువైతే ఏడాది పోయినట్లే. ఆ ఒక్క దెబ్బ కథలు రెండు చెబుతాను.

మొదటిది 1999 నాటిది. ఫ్లోరిడాలోని డోరల్ మైదానం. జాక్సన్ బ్రిగ్‌మన్ చివరి రోజున 65 దెబ్బలు కొట్టాడు. సరిగ్గా కార్డుకు చాలినంత. గోల్ఫులో ఒకరి లెక్క మరొకరు వ్రాస్తారు. ఆడినవాడు సరిచూసుకొని సంతకం చేయాలి. తోటివాడు పదమూడవ గుంట దగ్గర మూడుకు బదులు నాలుగు వేశాడు. బ్రిగ్‌మన్ చూసుకోక 66 కింద సంతకం చేశాడు. ఉన్నదానికంటె తక్కువ వ్రాసి సంతకం చేస్తే పోటీ నుంచి తొలగింపు. ఎక్కువ వ్రాసి సంతకం చేస్తే వ్రాసినదే ఖాయం. ఇదీ నియమం. పొరపాటు తెలిసింది, అందరూ ఒప్పుకొన్నారు, అయినా చేసేదేమీ లేదు. కొట్టిన దెబ్బ కాదు, వ్రాసిన అంకె నిలిచింది. ఒక్క దెబ్బ తేడాతో ఆ ఏడాది కార్డు పోయింది.

రెండవది 2000 నాటిది. కాలిఫోర్నియాలోని లా క్వింటా. ఆరు రోజులలో నాలుగవ రోజు, పదిహేడవ గుంట. జో డేలీ నాలుగడుగుల దూరం నుంచి మెల్లగా తోసిన బంతి గుంటలో పడింది. పడి, లోపల అమర్చిన గిన్నె అంచుకు తగిలి, మళ్ళీ పైకి ఎగిరి బయటకు వచ్చింది. గుంటలో నిలిస్తేనే లెక్క. మరొక దెబ్బ కొట్టక తప్పలేదు. ఆరవ రోజు సాయంత్రం చూసుకొంటే తప్పినది ఒక్క దెబ్బతోనే. పన్నెండేళ్ళ తరువాత, 2012లో, ఏభై దాటినవారి పెద్ద పోటీ ఒకటి ఆయన గెలిచాడని చదివి నాకు మనసు కుదుటపడింది.

బ్రిగ్‌మన్ కథ చదివిన రాత్రి నాకు నిద్ర సరిగా పట్టలేదు. కారణం చెప్పుకోవాలి. చాలా ఏళ్ళ క్రిందట ఒక వేసవిలో పదవ తరగతి స్పాట్ వాల్యుయేషనులో కూర్చున్నాను. ఎండ, ఉక్క, రోజుకు ఇన్ని అని కట్టలు. ఒక తెలుగు పత్రానికి 33 మార్కులు వేసి ప్రక్కన పెట్టాను. 35 వస్తే గట్టెక్కినట్లు. మార్కులు మళ్ళీ కూడి చూసే కుఱ్ఱ ఉపాధ్యాయుడు ఆ పత్రం పట్టుకొని వచ్చి, “మాస్టారూ, విడి కాగితం చివర ఉన్న జవాబుకు మీరు నాలుగు వేశారు, పై పుటలో ఎక్కలేదండీ” అన్నాడు. 37. నేను దిద్దాను, తప్పు దిద్దలేదు, కూడికలో మరిచాను. ఆ కుఱ్ఱవాడు చూడకపోయి ఉంటే, పేరు కూడా తెలియని ఒక పిల్లవాడు తాను వ్రాసిన జవాబుకు కాక నేను వ్రాసిన అంకెకు కట్టుబడి తప్పిపోయేవాడు. అట్లా ఆ ముప్ఫయ్యేళ్ళలో ఎవరూ పట్టుకోని పొరపాట్లు నావి ఎన్ని ఉన్నాయో! పరీక్ష రాసేవాడి దురదృష్టం గురించి అందరమూ చెబుతాం. లెక్క వ్రాసేవాడి బాధ్యత గురించి చెప్పేవారు తక్కువ.

ఇంత కరకు పరీక్ష న్యాయమైనదేనా అన్న ప్రశ్న అమెరికాలోనూ వచ్చింది. ఒక వారం బాగా ఆడినవాడు ఏడాదంతా ఆడగలడా? ఏడాదంతా బాగా ఆడేవాడు ఆ ఒక్క వారం జ్వరపడితే? అందుకని 1990లో రెండవ తరగతి పోటీల వరుస ఒకటి పెట్టి, దానికి బెన్ హోగన్ పేరు పెట్టారు. ఆ ఏడాది సంపాదనలో మొదటి అయిదుగురికి పై వరుసలో కార్డు. క్రమంగా ఆ అయిదు పాతికకు చేరింది. చందాదారు మారినప్పుడల్లా దాని పేరు మారుతూ, 2019 నుంచి కార్న్ ఫెర్రీ టూర్ అయింది. 2012 డిసెంబరులో లా క్వింటాలో జరిగినదే పై వరుసకు నేరుగా తీసుకొనిపోయిన పాత బడికి చివరిది. 2013 నుంచి అర్హత బడిలో గట్టెక్కితే దొరికేది రెండవ వరుసలో చోటు మాత్రమే. మన మాటలలో చెప్పాలంటే, వార్షిక పరీక్ష తీసివేసి నిరంతర మూల్యాంకనం పెట్టారు.

దానివల్ల నిలకడ గలవారు పైకి వచ్చారు. కాని ఒక రాత్రిలో బ్రదుకు మారే దారి మూతపడింది. పదేళ్ళు గడిచాక వారికే వెలితిగా తోచినట్లుంది. 2023 డిసెంబరులో ఆ తలుపును కొంచెం తెరిచి, తుది పరీక్షలో మొదటి అయిదు స్థానాలవారికి నేరుగా కార్డు ఇవ్వసాగారు. అదే ఏడాది కళాశాల విద్యార్థుల ర్యాంకులలో ప్రథముడికి కూడా కార్డు ఇచ్చే పద్ధతి వచ్చింది. స్వీడనుకు చెందిన లుడ్విగ్ ఓబెర్గ్ ఆ దారిన వచ్చిన మొదటివాడు. ఇక 2026 నుంచి 125 మంది మినహాయింపు జాబితాను 100కు, రెండవ వరుస నుంచి వచ్చేవారిని 20కి కుదించారు. తలుపులు ఎక్కువైనా, వాటి వెడల్పు తగ్గిందన్నమాట.

సోమవారపు పరీక్ష మాత్రం ఆ మూలన మిగిలే ఉంది. దాని విలువ తెలియాలంటే మన దేశపు అర్జున్ అత్వాల్ కథ వినాలి. ఆసన్‌సోల్‌లో పుట్టి, కలకత్తాలో ఆట నేర్చి, 2003లో అర్హత బడి గట్టెక్కి, పి.జి.ఎ. టూర్ కార్డు పొందిన మొదటి భారతీయుడైనాడు. తరువాత గాయపడ్డాడు. 2010 జులైలో కార్డు పోయింది. ఆగస్టులో గ్రీన్స్‌బరో అనే ఊరి పోటీకి అందరిలాగా సోమవారం పరీక్ష రాసి లోపలికి వచ్చి, మొదటి రోజున 61 దెబ్బలు కొట్టి, చివరి రోజున ఒక్క దెబ్బ తేడాతో గెలిచాడు. సోమవారపు తలుపున వచ్చినవాడు గెలవడం 1986 తరువాత అదే మొదటిసారి. ఆ తలుపును కూడా ఖర్చు దండగని మూసి ఉంటే?

మళ్ళీ మన తీగలవారి అబ్బాయి దగ్గరకు వస్తాను. అతడు 2020లో కళాశాల ఆటలో అమెరికాలోకెల్లా మేటి అనిపించుకొని వృత్తిలోనికి దిగాడు. ఆ ఏడాదే మహమ్మారి వచ్చి అర్హత బడి రద్దయింది. తలుపు దగ్గరకు వెళ్ళేసరికి తలుపే లేదు! దొరికిన ఆహ్వానాల మీద అక్కడక్కడ ఆడుతూ, 2021లో రెండవ వరుస చివరి పోటీల గుండా కార్డు తెచ్చుకొన్నాడు. 2024లో అట్లాంటాలో జరిగిన ఏడాది చివరి పోటీలో మూడవ రోజున, ఇసుక గుంటలో కర్రను వెనుకకు తీసేటప్పుడు అది ఇసుకను తాకినట్లు తనకు అనిపించిందని తానే అధికారులకు చెప్పాడు. శిక్ష రెండు దెబ్బలు. చివరికి మూడవ స్థానం వచ్చింది. ఆ రెండు దెబ్బలు లేకుంటే రెండవ స్థానంలో సమంగా నిలిచేవాడు. ఒక్క దెబ్బకు బ్రదుకులు తారుమారయ్యే ఆటలో, ఎవరూ అడగకుండానే రెండు దెబ్బలు తన లెక్కలో వ్రాయించుకొన్నాడు. ఇది చదివినప్పుడు ఇంటిపేరు చూసి కలిగిన ముచ్చట కంటె ఎక్కువ సంతోషం కలిగింది.

ఒక రోజు పరీక్ష మేలా, ఏడాది పొడుగునా చూడడం మేలా అని ఉపాధ్యాయుల గదిలో వాదించుకొన్న రోజులు గుర్తుకు వస్తున్నాయి. నేను ఎప్పుడూ వార్షిక పరీక్ష పక్షమే. పేరు కనబడని పత్రం ముఖం చూడదు కదా అనేవాణ్ణి. ఇప్పుడు ఒకటే దారి ఉండడమే తప్పనిపిస్తున్నది. నిలకడవాడికి ఒక దారి, ఒక్క వారంలో వెలిగేవాడికి ఒక దారి, దెబ్బతిని తిరిగి వచ్చినవాడికి ఒక సోమవారం ఉండాలి. బ్రిగ్‌మన్‌కూ, డేలీకీ జరిగినది దురదృష్టం. వాళ్ళు మరుసటి ఏడాది మళ్ళీ రాయవచ్చు. స్పిల్లర్‌కు జరిగినది అది కాదు. అతడు గట్టెక్కాడు. గట్టెక్కిన తరువాత హాలులోనికి రానీయలేదు.

స్పిల్లర్ 1988లో మరణించాడు. 2009లో ఆ సంఘం స్పిల్లర్‌కు, రోడ్స్‌కు మరణానంతరం సభ్యత్వం ఇచ్చింది. అరవై ఒక్క ఏళ్ళు ఆలస్యంగా వచ్చిన ఫలితం అది. అందుకోవడానికి విద్యార్థి లేడు.

మిత్రులలో ఉపాధ్యాయులు, పరీక్షలు రాసి తప్పినవారు, గట్టెక్కినవారు అందరూ ఉన్నారు. మీ ఒక్క మార్కు కథలు ఉంటే వ్యాఖ్యలలో చెప్పండి. గోల్ఫు తెలిసినవారు నా లెక్కలో పొరపాటు ఉంటే దిద్దండి, సంతకం చేయకముందే దిద్దుకొంటాను.

స్వస్తి.